నాన్నగారి కాళ్లకు నరాల మాత్రలు సరిపోతాయా, స్టెంట్ వేయించాలా?

మీరు రాసిన వివరాలు నాకు అర్థమైనట్టు ముందు ఒకసారి చెబుతాను. మీ నాన్నగారికి 63 ఏళ్లు, కవిటి దగ్గర కొబ్బరితోట ఉంది. షుగర్ వచ్చి పన్నెండేళ్లు దాటింది. చుట్ట అలవాటు ఉంది. క్రియాటినిన్ (కిడ్నీ పనితీరు చెప్పే రక్తపరీక్ష) 1.8. రాత్రిళ్లు రెండు పాదాలూ మంటలు, తిమ్మిర్లు. తోటకు నడిచేటప్పుడు కుడి పిక్క పట్టేసి ఆగిపోతున్నారు, రెండు నిమిషాలు నిలబడితే మళ్లీ నడవగలుగుతున్నారు. కుడికాలి బొటనవేలి పక్కన మూడు వారాలుగా చిన్న పుండు ఉంది, నొప్పి లేదు. ఒక డాక్టరు గారు ప్రీగాబాలిన్, మిథైల్‌కోబాలమిన్ కలిసిన మాత్ర రాశారు. ఇంకొకరు డాప్లర్ (కాలి రక్తప్రవాహం చూసే స్కాన్) తీయించి, రక్తనాళంలో బ్లాక్ ఉంది, విశాఖ వెళ్లి స్టెంట్ (నాళాన్ని తెరిచి ఉంచే సన్న జాలీ గొట్టం) వేయించుకోండి అన్నారు. స్టెంట్ వేయించుకున్నవాళ్లకు చివరికి కాలే తీసేశారని బంధువులు భయపెడుతున్నారు. ఇద్దరు డాక్టర్లలో ఎవరి మాట నిజం అన్నది మీ ప్రశ్న.

ఇద్దరి మాటా నిజమే. మీ నాన్నగారికి నరాల జబ్బూ ఉంది, ధమనుల జబ్బూ ఉంది. షుగర్ రెండింటినీ ఒకే పాదంలో తెస్తుంది. అయితే రెండింటికీ తొందర ఒకేలా లేదు. మంటలకు సరైన మందు నెల ఆలస్యమైతే నిద్ర చెడుతుంది. రక్తం సరిగా అందని పాదం మీద పుండుకు నెల ఆలస్యమైతే వేలు పోవచ్చు, ఒక్కోసారి పాదమే పోవచ్చు. కాబట్టి నరాల మాత్ర సాగనివ్వండి, కానీ కుడికాలి రక్తప్రసారం సంగతి ఈ వారంలోనే తేల్చుకోండి. సంక్రాంతి అయ్యాక, కాయ దింపు అయ్యాక అని వాయిదా వేయకండి.

నేను జనరల్ మెడిసిన్ డాక్టరుని, శ్రీకాకుళంలోనే ప్రాక్టీసు. షుగర్ పాదాలు చూడటం నా పనిలో పెద్ద భాగం. మనిషిని చూడకుండా మందు రాయను. డాక్టరు ముందు కూర్చున్నప్పుడు ఏమి అడగాలో, ఎందుకు అడగాలో మీకు తెలియాలనే ఇదంతా రాస్తున్నాను.

నొప్పి లేని పుండు కాబట్టి ఫరవాలేదనుకుంటున్నారేమో. అన్నిటికన్నా నాకు టెన్షన్ పెట్టింది ఆ మాటే. మూడు వారాల పుండు నొప్పి పెట్టలేదంటే అక్కడ నరం చచ్చుబడింది. మూడు వారాలైనా మానలేదంటే రక్తం చాలడం లేదు, లేదా అదే చోట రోజూ బరువు పడుతోంది, లేదా లోపల చీము పట్టింది. ఈ మూడూ కలిసి ఉండటం కూడా మామూలే. రక్తప్రసారం తగ్గిన కాలి మీద పుండు రెండు వారాలు దాటి నిలిచిందంటే, కాలికే ప్రమాదం ఉన్న దశ అని వాస్కులర్ సర్జన్లు, అంటే రక్తనాళాల ఆపరేషన్లు చేసేవాళ్లు, లెక్కవేస్తారు. కాగితం మీద సి.ఎల్.టి.ఐ. అని రాస్తారు. ఆ అక్షరాలు కనిపిస్తే అది మామూలు అపాయింట్‌మెంటు వ్యవహారం కాదని గుర్తుపెట్టుకోండి.

ఇక ఏ నొప్పి దేనిది అన్న సంగతి. నరాల నొప్పి సాధారణంగా రెండు పాదాల్లోనూ ఒకేలా మొదలవుతుంది. వేళ్ల చివర్ల నుంచి మేజోడు తొడిగినంత మేర పైకి పాకుతుంది. మంట, సూదులు గుచ్చినట్టు ఉండటం, దుప్పటి తగిలినా భరించలేకపోవడం, చెప్పు జారిపోయినా తెలియకపోవడం దాని లక్షణాలు. పగలు పనిలో ఉంటే అంతగా తెలియదు, రాత్రి పడుకోగానే ఎక్కువవుతుంది. ధమని మూసుకుపోతే వచ్చే నొప్పి వేరు. నడిస్తే వస్తుంది, ఆగి నిలబడితే పోతుంది, మళ్లీ దాదాపు అంతే దూరం నడిస్తే మళ్లీ వస్తుంది. పిక్కలో వస్తే అడ్డు సాధారణంగా తొడ ధమనిలో ఉంటుంది, పిరుదులో, తొడలో వస్తే ఇంకా పైన ఉంటుంది.

వెన్నుపూసల మధ్య దారి ఇరుకైనా నడిస్తే కాళ్లు లాగుతాయి, ఇది మూడోది. వాళ్లకు ఊరికే నిలబడితే తగ్గదు, కూర్చోవాలి లేదా ముందుకు వంగాలి. అందుకే నాలుగడుగులు నడవలేనివాళ్లు కూడా సైకిలు హాయిగా తొక్కేస్తారు. మీ నాన్నగారు గట్టు మీద నిలబడితేనే తగ్గుతోందని రాశారు కాబట్టి ఇది ధమని వైపే చూపిస్తోంది.

ఒక చిక్కు ఉంది. ధమని జబ్బు బాగా ముదిరితే రాత్రి పడుకున్నప్పుడు కూడా పాదం నొప్పి, మంట వస్తాయి. దాన్ని నరాల మంట అనుకుని మాత్రలు పెంచుకుంటూ పోయినవాళ్లను చాలామందిని చూశాను. తేడా కనిపెట్టడానికి ఒక ప్రశ్న వేయండి: అర్ధరాత్రి లేచి కాలు మంచం మీంచి కిందికి వేలాడేస్తే హాయిగా ఉంటోందా? ఉంటోంది అంటే రక్తం చాలడం లేదని అనుమానించాలి. వేలాడేసినప్పుడు పాదం ఎర్రబడి, పైకెత్తి పెడితే పాలిపోతే అనుమానం ఇంకా బలపడుతుంది. ఇవాళ రాత్రే అడిగి చూడండి.

పరీక్షల్లో మొదటిది డాక్టరు చేతి వేళ్లే. పాదం పైభాగంలో ఒక నాడి, చీలమండ లోపలివైపు వెనకాల ఒక నాడి ఉంటాయి. రెండూ పట్టి చూడాలి. తర్వాత ఎబిఐ. చీలమండ దగ్గర బీపీ, చేతి దగ్గర బీపీ రెండూ చూసి, మొదటిదాన్ని రెండోదానితో భాగిస్తారు. 1.0 నుంచి 1.4 వరకు మామూలు. 0.90 గానీ అంతకన్నా తక్కువగానీ వస్తే ధమని జబ్బు ఉన్నట్టే. 0.40 కన్నా తక్కువైతే చాలా తీవ్రం. ఇందుకు పెన్నులాంటి చిన్న డాప్లర్ పరికరం, బీపీ పట్టీ ఉంటే చాలు, కోత లేదు, సూది లేదు.

షుగర్, కిడ్నీ జబ్బు రెండూ ఉన్నవాళ్లలో మాత్రం ఈ లెక్క మోసం చేస్తుంది. ధమని గోడలో సున్నం పేరుకుని గట్టిపడుతుంది, పట్టీ ఎంత బిగించినా నొక్కుకోదు. అప్పుడు 1.4 పైన వస్తుంది, లేదా జబ్బున్నా మామూలుగానే కనిపిస్తుంది. 'ఎబిఐ బాగానే ఉందండీ' అని పంపేస్తే ఒప్పుకోకండి, బొటనవేలి దగ్గర ఒత్తిడి చూడమని అడగండి. వేలిలోని సన్న నాళాలు అంతగా గట్టిపడవు కాబట్టి ఆ లెక్క నమ్మొచ్చు. అక్కడి ఒత్తిడి (బీపీ కొలిచే లెక్కలోనే) 30 కన్నా తక్కువుంటే పుండు తనంతట తాను మానే అవకాశం చాలా తక్కువ.

మీ డాప్లర్ రిపోర్టులో మోకాలి కింద మోనోఫేసిక్ ఫ్లో అని ఉందన్నారు. ఆరోగ్యమైన కాలి ధమనిలో ఒక్కో గుండె చప్పుడుకు ప్రవాహం మూడు అలలుగా కనిపిస్తుంది, దాన్ని ట్రైఫేసిక్ అంటారు. పైన అడ్డు పెరిగేకొద్దీ అలలు చెరిగిపోయి ఒక్కటే మిగులుతుంది. స్టెంట్ సలహా ఇచ్చిన డాక్టరు గారు ఊరికే భయపెట్టలేదు.

ఇప్పుడు చుట్ట గురించి. మన జిల్లాలో చుట్టను తప్పుగా చూడరు, పెద్దమనిషి చేతిలో ఉండవలసిన వస్తువులాగే చూస్తారు. తీరం వెంబడి ఊళ్లలో ఆడవాళ్లు అడ్డపొగ తాగుతారు, నిప్పున్న కొసను నోట్లో పెట్టుకుని. దానివల్ల అంగిలికి క్యాన్సర్ వస్తుందని ఇక్కడి డాక్టర్లందరికీ తెలుసు, కొంతవరకు జనానికీ తెలుసు. అదే పొగాకు కాళ్ల ధమనులను కూడా మూసేస్తుందన్న సంగతి మాత్రం చాలామందికి చేరలేదు. చుట్ట పొగ లోపలికి పీల్చం కదా అంటారు. పొగాకు విషం నోటి చర్మం గుండా కూడా రక్తంలోకి ఎక్కుతుంది. కాళ్ల ధమనుల జబ్బుకు షుగర్, పొగాకు ఈ రెండే అతిపెద్ద కారణాలు, మీ నాన్నగారికి రెండూ ఉన్నాయి. స్టెంట్ వేసినా, బైపాస్ చేసినా, పొగ మానకపోతే అది మళ్లీ మూసుకుపోయే ముప్పు బాగా పెరుగుతుంది. బంధువులు చెప్పిన 'స్టెంట్ వేశాక కాలు తీసేశారు' కథల్లో ఎన్నింటి వెనక మానని చుట్ట, బీడీ ఉన్నాయో ఒకసారి కనుక్కోండి. ముప్పై, నలభై ఏళ్ల కుర్రాళ్లకు షుగర్ లేకుండానే వేళ్లు నల్లబడే బర్జర్స్ జబ్బులోనైతే అసలు వైద్యమే పొగాకు పూర్తిగా మానడం. అక్కడ ఒకటి రెండు బీడీలు కూడా జబ్బును సాగదీస్తాయి.

మానమని అరిస్తే మానరు. నికోటిన్ పట్టీలు, చూయింగ్ గమ్, బుప్రోపియాన్, వరెనిక్లిన్ లాంటి మాత్రలు ఉన్నాయి, కిడ్నీని బట్టి మోతాదు చూసి డాక్టరు రాస్తారు. ఇంట్లో ఇంకెవరైనా కాలుస్తుంటే వాళ్లూ ఆయనతో పాటు మానాలి. మందు కన్నా ఇది ఎక్కువ పనిచేయడం చూశాను.

ధమని జబ్బుకు మాత్రలు కూడా ముఖ్యమే. స్టెంట్ వేయించుకున్నా మానకూడదు. కాలి ధమనిలో కొవ్వు గడ్డకట్టినవాళ్లకు గుండె ధమనుల్లో, మెదడు ధమనుల్లో కూడా అదే జబ్బు ఉండే అవకాశం ఎక్కువ. ఈ రోగులు కాలు పోవడం కన్నా గుండెపోటుతో, పక్షవాతంతో చనిపోవడమే ఎక్కువ. అందుకే కొలెస్ట్రాల్ రిపోర్టు బాగున్నా సరే స్టాటిన్ (కొలెస్ట్రాల్ తగ్గించే మందు) పెద్ద మోతాదులో ఇస్తాం. అటోర్వాస్టాటిన్ 40 నుంచి 80 మి.గ్రా. వరకు వాడతాం, దానికి కిడ్నీని బట్టి మోతాదు మార్చే పని లేదు. రోసువాస్టాటిన్‌కు మాత్రం కిడ్నీ బాగా దెబ్బతిన్నప్పుడు తగ్గించాలి. రక్తం గడ్డకట్టకుండా ఆస్పిరిన్ 75 గానీ క్లోపిడోగ్రెల్ 75 గానీ ఒకటి ఇస్తాం. రక్తస్రావం ముప్పు తక్కువున్నవాళ్లకు ఆస్పిరిన్‌తో పాటు రివరోక్సబాన్ 2.5 మి.గ్రా. రోజుకు రెండుసార్లు కలిపితే గుండెపోటు, పక్షవాతం, కాలి ప్రమాదాలు తగ్గుతాయని 2017లో వచ్చిన కంపాస్, 2020లో వచ్చిన వాయేజర్ అధ్యయనాలు చూపించాయి. మీ నాన్నగారి కిడ్నీని బట్టి ఇది నిపుణులే తేల్చాలి.

నడక దూరం పెంచడానికి సిలోస్టజాల్ అనే మందు ఉంది, మామూలు మోతాదు 100 మి.గ్రా. రోజుకు రెండుసార్లు, అన్నానికి అరగంట ముందు లేదా రెండు గంటల తర్వాత. దీని గురించి గట్టిగా చెప్పాల్సింది ఒకటుంది: గుండె బలహీనత, అంటే హార్ట్ ఫెయిల్యూర్, ఉన్నవాళ్లు దీన్ని అసలు వాడకూడదు. మొదలుపెట్టే ముందు ఎకో (గుండె స్కాన్) తీశారా అని అడగండి.

నడక కూడా వైద్యమే. పిక్క నొప్పి ఓ మాదిరిగా వచ్చేదాకా నడిచి, ఆగి, తగ్గాక మళ్లీ నడవడం, ఇలా 30 నుంచి 45 నిమిషాలు, వారానికి కనీసం మూడు రోజులు, మూడు నెలలు. మాత్రలకన్నా ఎక్కువగా దూరం పెరుగుతుంది. కానీ మీ నాన్నగారికి ఇప్పుడు కాదు. పుండు ఉన్న పాదంతో నడక వ్యాయామం చేస్తే పుండు లోతుకు పోతుంది. ముందు పుండు మానాలి.

ఇక మీరు భయపడుతున్న స్టెంట్ విషయం. కాలి ధమనిని కోత లేకుండా లోపలినుంచి తెరవడం 1964 జనవరిలో అమెరికాలో చార్లెస్ డాటర్ అనే డాక్టరు మొదలుపెట్టారు. మొదటి రోగి ఎనభై దాటిన ముసలమ్మ. పాదం కుళ్లుతుంటే కాలు తీయాలన్నారు, ఆమె ససేమిరా ఒప్పుకోలేదు. డాటర్ తొడ ధమనిలోని ఇరుకును వెడల్పు చేశారు, పాదం నిలిచింది. గుండెకు బెలూన్ వేయడం ఆ తర్వాత పదమూడేళ్లకు, 1977లో వచ్చింది. అంటే కాలు కాపాడుకోవడానికే పుట్టిన వైద్యం ఇది.

గజ్జ దగ్గర మత్తు సూది ఇచ్చి, ధమనిలోకి సన్న తీగ పంపి, అడ్డు దాటించి, బెలూన్‌తో వెడల్పు చేస్తారు. అవసరమైన చోటే స్టెంట్ పెడతారు, చాలాసార్లు మోకాలి కింద బెలూన్ మాత్రమే వాడతారు. రెండో దారి బైపాస్. కాలిలోనే ఉన్న పెద్ద సిరను తీసి, అడ్డుకు పైనా కిందా కలిపి కొత్త దారి వేస్తారు. ఏది మంచిది అన్నదానికి ఒక్క జవాబు లేదు. 2022లో వచ్చిన బెస్ట్-సిఎల్ఐ అనే పెద్ద అధ్యయనంలో, మంచి సిర దొరికిన రోగులకు బైపాస్ ముందుగా చేస్తే ఫలితం మెరుగ్గా ఉంది. 2023లో వచ్చిన బాసిల్-2లో, మోకాలి కింద ధమనులు మూసుకుపోయినవాళ్లకు బెలూన్ దారి ముందుగా పట్టినప్పుడు కాలు పోకుండా బతికి ఉన్నవాళ్లు ఎక్కువ. కాబట్టి అడ్డు ఎక్కడుంది, ఎంత పొడవుంది, సిర బాగుందా, గుండె ఆపరేషన్‌ను తట్టుకుంటుందా అన్నవాటిని బట్టి తేలుతుంది. రెండు పనులూ చేయగల వాస్కులర్ సర్జన్ దగ్గరకు వెళ్లమనడానికి కారణం ఇదే. బెలూన్ ఒక్కటే చేయగలవారి దగ్గరకు వెళ్తే బెలూనే జవాబుగా వస్తుంది.

రక్తం రాకుండా పుండుకు ఎంత ఖరీదైన ఆయింట్‌మెంటు రాసినా, వంశధార కాలువ చివరి పొలానికి నీరు రాకుండా ఎరువు చల్లినట్టే ఉంటుంది. పైన అడ్డు తీసి నీరు వదిలాక, మానని పుండు వారాల్లో ఎర్రగా కొత్త కండ పట్టడం మొదలుపెడుతుంది. బంధువులు చెప్పే కథల్లో చాలామటుకు, పాదం సగం నల్లబడ్డాక స్టెంట్‌కు వెళ్లినవాళ్లవే అయి ఉంటాయి. కాలు పోయింది ఆలస్యం వల్ల, నింద పడింది స్టెంట్ మీద. అలాగని ఆలస్యమైతే దారే లేదనీ కాదు. ఒకవేళ వేలు తీయాల్సి వచ్చినా, రక్తప్రసారం బాగుచేశాక తీస్తే గాయం మానుతుంది. చేయకుండా వేలు తీస్తే కోసిన చోటూ మానదు, మళ్లీ పైన కోయాల్సి వస్తుంది. అందుకే ఎవరైనా 'వేలు తీసేద్దాం' అంటే, ముందు రక్తప్రసారం చూశారా అని అడగండి. ఇది మొహమాటపడే చోటు కాదు.

మీ విషయంలో కిడ్నీ వల్ల ఒక అదనపు జాగ్రత్త ఉంది. క్రియాటినిన్ 1.8 అంటే ఆయన వయసుకు ఇజిఎఫ్ఆర్ (కిడ్నీలు నిమిషానికి ఎంత వడకడుతున్నాయో చెప్పే లెక్క) సుమారు 40. రక్తనాళాలను చూపే సిటి యాంజియోగ్రామ్‌లో వాడే రంగు మందు ఇలాంటి కిడ్నీని ఇంకా దెబ్బతీయవచ్చు. ఉద్దానంలో పుట్టి పెరిగినవారికి కిడ్నీ సంగతి నేను చెప్పాల్సిన పని లేదు, అక్కడ ఎక్కువగా వచ్చే కిడ్నీ జబ్బుకు మూలకారణం ఇప్పటికీ పూర్తిగా తేలలేదు. కాబట్టి ముందు డ్యూప్లెక్స్ డాప్లర్‌తోనే వీలైనంత తేల్చుకోవాలి. యాంజియో తప్పనిసరైతే రంగు మందు తక్కువ వాడమని, వీలున్నచోట దాని బదులు కార్బన్ డయాక్సైడ్ వాయువుతో చేయగలరా అని అడగండి. మెట్‌ఫార్మిన్ వాడుతుంటే ఆ రోజు ఆపి, 48 గంటల తర్వాత క్రియాటినిన్ చూసి మళ్లీ మొదలుపెట్టాలి. అసలు ఇజిఎఫ్ఆర్ 45 కన్నా తగ్గితే మెట్‌ఫార్మిన్ మోతాదు కూడా సగానికి తగ్గించాల్సి ఉంటుంది, మీ డాక్టరుతో ఒకసారి మాట్లాడండి. పలాసలో 2023 డిసెంబరులో ప్రారంభమైన 200 పడకల కిడ్నీ ఆసుపత్రి మీకు దగ్గరే, అక్కడ కిడ్నీ డాక్టరుకు చూపించి, యాంజియో గురించి రాసిన మాట ఒకటి తెచ్చుకుంటే విశాఖలో పని తేలికవుతుంది. అయితే ఆ పేరుతో వారాలు గడపకండి. కిడ్నీ భయంతో యాంజియో మానేసి కాలు పోగొట్టుకోవడం కూడా సరి కాదు.

నరాల వైపు వద్దాం. షుగర్ ఉంది కాబట్టి షుగర్ వల్లే అని వదిలేయకూడదు. బి12 పరీక్ష తప్పనిసరి, ఏళ్ల తరబడి మెట్‌ఫార్మిన్ వాడితే బి12 తగ్గుతుంది, తగ్గితే ఇవే మంటలు, ఇవే తిమ్మిర్లు వస్తాయి. ఇంజెక్షన్లతో సరిచేయవచ్చు. థైరాయిడ్, సారా అలవాటు, కిడ్నీ జబ్బు, టీబీకి వాడే ఐసోనియాజిడ్ కూడా నరాలను దెబ్బతీస్తాయి. మన ప్రాంతంలో కుష్ఠును మరిచిపోకూడదు. చర్మం మీద స్పర్శ తెలియని పాలిపోయిన మచ్చ, మోచేతి దగ్గర గానీ మోకాలి బయటి పక్కన గానీ తాడులా లావైన నరం ఉంటే అది వేరే వైద్యం, మందులు ప్రభుత్వాసుపత్రుల్లో ఉచితం, పూర్తిగా నయమవుతుంది. ఆ మాట ఎత్తితే చిన్నతనంగా భావించి దాచేవాళ్లున్నారు. దాచినన్నాళ్లూ చేతులు, పాదాలు వంకర తిరుగుతాయి.

బి12 తక్కువ లేనివారికి మిథైల్‌కోబాలమిన్ ఏళ్ల తరబడి వాడటం వల్ల పెద్ద లాభం కనిపించదు. 'నరాల బలం' అని అమ్మే కొన్ని మాత్రల్లో బి6 ఎక్కువ మోతాదులో ఉంటుంది, అది చాలాకాలం వాడితే బి6 వల్లే నరాలు దెబ్బతింటాయి. చీటీ లేకుండా మెడికల్ షాపులో అడిగి తెచ్చుకోకండి.

మంటలకు నిజంగా పనిచేసేవి మూడు రకాలు: అమిట్రిప్టిలిన్, డులోక్సెటిన్, ప్రీగాబాలిన్ లేదా గాబాపెంటిన్. 2022లో ఆప్షన్-డిఎం అధ్యయనం అమిట్రిప్టిలిన్, డులోక్సెటిన్, ప్రీగాబాలిన్‌లను పోల్చి చూస్తే మూడూ దాదాపు సమానంగా పనిచేశాయి, ఒకటి చాలనప్పుడు రెండోది కలిపితే మరికొంత తగ్గింది. ఎవరికి ఏది అన్నది ఇతర జబ్బులను బట్టి. ప్రోస్టేట్ ఇబ్బంది, గుండె లయ తేడా ఉన్న పెద్దవాళ్లకు అమిట్రిప్టిలిన్ ఇవ్వడానికి జంకుతాను, ఇస్తే రాత్రి 10 మి.గ్రా.తో మొదలుపెడతాను. ప్రీగాబాలిన్ దాదాపు పూర్తిగా కిడ్నీ ద్వారానే బయటికి పోతుంది. ఇజిఎఫ్ఆర్ 40 ఉన్నవారికి మామూలు మోతాదులో సగం చాలు. మీ నాన్నగారికి పగలు మగతగా ఉండటం, తూలడం, కాళ్ల వాపు కొత్తగా వచ్చాయని రాశారు చూడండి, అవి మోతాదు ఎక్కువై ఉండొచ్చు. ఒక్కసారిగా ఆపకండి, డాక్టరును అడిగి తగ్గించండి. డులోక్సెటిన్ ఇజిఎఫ్ఆర్ 30 కిందికి పోతే వాడం, 40 దగ్గర వాడవచ్చు. ఈ మందులు మంటను తగ్గిస్తాయి, చచ్చిన స్పర్శను తిరిగి తేవు. మంట తగ్గింది కదా అని పాదం బాగైందనుకోకండి. నొప్పి మాత్రలు, అంటే డైక్లోఫినాక్, ఎసిక్లోఫినాక్ లాంటివి, నరాల మంటకు పనిచేయవు, పైగా మిగిలిన కిడ్నీని తినేస్తాయి. ఆయనకు వాటిని పూర్తిగా మాన్పించండి.

షుగర్ అదుపు ముఖ్యమే, కానీ నెల రోజుల్లో హెచ్‌బిఎ1సి (మూడు నెలల సగటు షుగర్) 11 నుంచి 7కు దించేయాలని చూడకండి. ఏళ్లుగా ఎక్కువున్న షుగర్‌ను మరీ వేగంగా దించితే నరాల మంటలు కొన్ని నెలలపాటు విపరీతంగా పెరగడం ఉంది.

పుండుకు ఇంట్లో ఏమి చేయాలి, ఏమి చేయకూడదు. వేడినీళ్ల కాపడం, ఉప్పు కాపడం వద్దు, స్పర్శ లేని పాదం కాలిపోయినా తెలియదు. ఆకుపసర్లు, సున్నం, పసుపు వద్దు. నూనెతో గట్టిగా మర్దన చేయించమని ఎవరో చెప్పారన్నారు, ధమని మూసుకుపోయిన కాలికి, పుండున్న పాదానికి అది వద్దు. బ్లేడుతో ఆనెకాయ చెక్కుకోవద్దు. సెలైన్‌తో కడిగి, శుభ్రమైన గుడ్డతో తుడిచి, తేమ నిలిచేలా కట్టు కట్టాలి. అన్నిటికన్నా ముఖ్యం ఆ చోట బరువు పడకపోవడం. ఎంసిఆర్ అనే మెత్తటి రబ్బరు చెప్పులు, పుండు ఉన్నచోట గుంట చేసినవి, కొలత తీసి చేయించాలి. పుండు చుట్టూ ఎరుపు, వాసన, జ్వరం ఉంటే యాంటీబయోటిక్ కావాలి, ఎక్స్‌రే తీసి ఎముకకు సోకిందేమో చూడాలి. లేకపోతే యాంటీబయోటిక్ అక్కర్లేదు. తోటలో చెప్పులు లేకుండా తిరగడం మానాలి, కొబ్బరి ఈనె గుచ్చుకున్నా ఆయనకు తెలియదు. అరసవల్లి మొక్కు ఉందని రాశారు. పుండు మానేదాకా ఆగండి, మానాక కూడా ఎండ ఎక్కకముందే వెళ్లి, మందపాటి నూలు మేజోళ్లు వేసుకుని ప్రదక్షిణ చేయవచ్చా అని అక్కడ అడగండి. మధ్యాహ్నం ఎండకు కాలిన బండ మీద నడిచి రెండు అరికాళ్లూ బొబ్బలెక్కినవాళ్లకు వైద్యం చేశాను, వాళ్లలో ఒక్కరికీ నడిచేటప్పుడు తెలియలేదు.

రెండు పరిస్థితుల్లో అపాయింట్‌మెంటు, మంచిరోజు ఏమీ చూడకండి. కాలు హఠాత్తుగా చల్లబడి, పాలిపోయి, భరించలేని నొప్పి వచ్చి, వేళ్లు కదలకపోతే ధమనిలో గడ్డ అడ్డుపడింది. గుండె లయ తప్పినవాళ్లకు, కవాటాల జబ్బు ఉన్నవాళ్లకు ఇది వస్తుంది. ఆరు గంటల్లోపు రక్తం తిరిగి పారాలి. 1963లో ఫోగార్టీ కనిపెట్టిన బెలూన్ గొట్టంతో గడ్డను బయటికి లాగేస్తారు, సమయానికి చేరితే కాలు నిలుస్తుంది. కవిటి నుంచి విశాఖ రెండు వందల కిలోమీటర్ల పైమాట, కాబట్టి 108కు ఫోన్ చేసి, దగ్గరి ఆసుపత్రిలో రక్తం గడ్డకట్టకుండా చేసే హెపారిన్ ఇంజెక్షన్ వేయించుకుని కదలాలి. బరంపురం మీకు ఇంకా దగ్గర, అక్కడ వాస్కులర్ సర్జన్ ఉన్నారేమో ముందే ఫోన్ చేసి కనుక్కుని నంబరు రాసి పెట్టుకోండి. రెండోది, రెండు కాళ్లూ ఒకటి రెండు రోజుల్లో బలం తప్పి, ఆ నీరసం పైకి పాకితే అది గిలియన్-బారే అనే నరాల జబ్బు కావచ్చు, ఊపిరి కండరాలకు చేరకముందే ఆసుపత్రిలో ఉండాలి. ఇమ్యునోగ్లోబులిన్ గానీ ప్లాస్మా మార్పిడి గానీ ఇస్తారు, చాలామంది మళ్లీ నడుస్తారు.

వెళ్లేది ఎక్కడికి? శ్రీకాకుళం ప్రభుత్వ సర్వజన ఆసుపత్రిలో షుగర్, బి12, ఎక్స్‌రే, పుండు శుభ్రం చేయడం అవుతాయి. రక్తప్రసారం బాగుచేయడానికి విశాఖ కేజీహెచ్‌కు గానీ, ఎన్టీఆర్ వైద్య సేవ కింద వాస్కులర్ సర్జరీ చేసే ఆసుపత్రికి గానీ వెళ్లాలి. ఏ ఆసుపత్రిలో మీ కార్డుకు ఆ వైద్యం ఉందో శ్రీకాకుళం ఆసుపత్రిలోని వైద్య మిత్ర డెస్కులో అడిగితే చెబుతారు. విజయనగరంలో బంధువులున్నారన్నారు, అక్కడ ఒక రాత్రి ఆగి పొద్దున్నే విశాఖ వెళ్తే ఓపీకి అందుకుంటారు.

వెళ్లేటప్పుడు డాప్లర్ రిపోర్టు మాత్రమే కాదు, ఫిల్మ్ లేదా సీడీ కూడా తీసుకెళ్లండి. పాత క్రియాటినిన్ కాగితాలన్నీ తేదీల వరుసలో పెట్టండి. వాడుతున్న మాత్రల అట్టలే తీసుకెళ్లండి, పేర్లు చెబితే పొరబాటు జరుగుతుంది. పుండును రోజూ ఒకే దూరం నుంచి, పక్కన రూపాయి బిళ్ల పెట్టి ఫోటో తీయండి, పెరుగుతోందో తగ్గుతోందో సర్జన్‌కు ఒక్క చూపులో తెలుస్తుంది. ఎడమ పాదాన్ని కూడా విప్పి చూపించండి, ఒక కాలిలో ధమని జబ్బు ఉన్నవారికి రెండో కాలిలోనూ ఉండటం చాలా మామూలు. వేలి దగ్గర ఒత్తిడి ఎంత వచ్చింది, సర్జన్ బెలూన్ అన్నారా బైపాస్ అన్నారా అన్నది రాయండి. దాన్ని బట్టి తర్వాతి మందుల గురించి చెబుతాను.